మణిపురి జానపద కథలు సోషల్ మీడియాలో నిలబడ్డాయా? వాటిని తెలుగులో ఎలా చెప్పాలి?

మీరు అడిగినవి రెండు. మణిపూర్‌లో కథ చెప్పే పాత పద్ధతులు యూట్యూబ్, ఫేస్‌బుక్ వచ్చాక నిలబడ్డాయా, రీల్స్ దెబ్బకు పోయాయా అన్నది మొదటిది. మీరు నడిపే పిల్లల కథల ఛానల్‌లో ఆ కథల్ని తెలుగులో మూడేసి నిమిషాల వీడియోలుగా చెయ్యొచ్చా అన్నది రెండోది. ఉద్యోగం మీద వెళ్ళి ఇంఫాల్‌లో చాలా ఏళ్ళు ఉన్నాను. అక్కడి కళాకారుల గొంతులు రికార్డు చేసే పనిలోనే ఎక్కువ కాలం గడిచింది. ఆ అనుభవంతో చెబుతున్నాను. కాస్త పొడుగ్గానే ఉంటుంది.

మొదటిదానికి నా జవాబు: నిలబడ్డాయి. కానీ బయటివాళ్ళం వెతికే చోట లేవు. మనం వెతికితే ముందు కనిపించేవి పేనా అనే తీగ వాద్యం వాయిస్తూ పాడే కళాకారుల వీడియోలు, పండగ బట్టల్లో నాట్యాలు, డ్రోన్‌తో తీసిన లోక్‌తాక్ సరస్సు. అవి మంచివే, కష్టపడి చేసినవే. అయితే అక్కడి మామూలు మనిషి అన్నం వండుతూనో, బండి నడుపుతూనో, రాత్రి పడుకోబోతూనో వినే కథ వేరు. తెర మీద ఒకే ఒక్క బొమ్మ ఉంటుంది. ఒక గొంతు అరగంటో గంటో కథ చెబుతుంది. ఇంకోవైపు ఫేస్‌బుక్ పేజీల్లో భాగాలు భాగాలుగా వచ్చే సీరియల్ కథలు. ఇంగ్లిష్ అక్షరాల్లో టైపు చేసిన మణిపురి భాష అది. తర్వాతి భాగం ఎప్పుడని కింద కామెంట్లలో జనం అడుగుతూనే ఉంటారు. జానపదం అనే ముద్ర లేదు కాబట్టి పరిశోధకులు వీటిని పెద్దగా పట్టించుకోరు. నా దృష్టిలో పాత సంప్రదాయానికి అసలు వారసులు ఇవే.

ఎందుకంటున్నానో అర్థం కావాలంటే పాతవి ఎలా ఉండేవో కొంచెం తెలియాలి. వాళ్ళ భాషలో కథను వారీ అంటారు. ఇంట్లో పొయ్యి దగ్గర కూర్చోబెట్టుకుని నాయనమ్మలు, అమ్మమ్మలు పిల్లలకు చెప్పేది ఫుంగా వారీ. చలికాలం, పొయ్యిలో నిప్పు, చుట్టూ పిల్లలు. దానికి వేదిక లేదు, కళాకారుడనే పేరు లేదు. గుడి మండపంలోనో, ఇళ్ళలో జరిగే కార్యాల్లోనో ఒక్కడే కూర్చుని, ముందు దిండు పెట్టుకుని, మహాభారత రామాయణ ఘట్టాలు చెప్పేది వారీ లీబా. అందులో పాట లేదు, వాద్యం లేదు. గొంతు ఎక్కించడం, దించడం, ఆగడం, అంతే. భీష్ముడూ అతని గొంతులోనే ఉంటాడు, ద్రౌపదీ అతని గొంతులోనే ఉంటుంది. ముందు వరసలో పెద్దవాళ్ళు కళ్ళు తుడుచుకుంటూ వింటారు. ఇంకొకటి లైరిక్ హైబా-థిబా. ఒకరు గ్రంథం చదువుతుంటే మరొకరు వివరిస్తారు. మన ఊళ్ళలో పురాణ కాలక్షేపం చూసినవాళ్ళకు ఇది కొత్తగా అనిపించదు.

పాడి చెప్పేవి వేరే ఉన్నాయి. పేనా అంటే గుర్రపు వెంట్రుకల తీగ ఒక్కటే ఉండే చిన్న వాద్యం, కమానుతో వాయిస్తారు. దాని మీద పాడే కథల్లో పెద్దది మొయిరాంగ్‌కు చెందిన ఖంబా, థోయిబీల ప్రేమకథ. పేద వీరుడు, రాకుమారి. లోక్‌తాక్ ఒడ్డున ఉన్న మొయిరాంగ్ ఊరికి ఈ కథ ప్రాణం. దీన్ని పాడే పద్ధతిని మొయిరాంగ్ సాయ్ అంటారు. హిజామ్ అంగాంగ్హల్ సింగ్ రాసిన 39 వేల పాదాల కావ్యానికి మూలం కూడా ఇలా నోటినోటా వచ్చిన ఈ కథే.

ఇక ఖోంగ్‌జోమ్ పర్బ, దరువు వేస్తూ పాడే యుద్ధగాథ. మీ ప్రశ్న చదవగానే నాకు ముందు గుర్తొచ్చింది ఇదే. 1891 ఏప్రిల్ 23న ఖోంగ్‌జోమ్ దగ్గర మణిపురి సైన్యం బ్రిటిష్ వాళ్ళతో తలపడి ఓడిపోయింది. ఇంఫాల్ నుంచి మోరే వెళ్ళే దారిలో వస్తుంది ఆ చోటు. మణిపురి సైన్యాధికారి పావొనా బ్రజబాసి అక్కడే చనిపోయాడు. అదే ఏడు ఆగస్టు 13న మణిపూర్ రాకుమారుడు టికేంద్రజిత్‌ని, సేనాని థాంగాల్ జనరల్‌ని బ్రిటిష్ వాళ్ళు ఇంఫాల్‌లో ఉరితీశారు. ఆ యుద్ధాన్ని పాటగా కట్టి ఊళ్ళలో తిప్పినవాడు లైనౌ. ధోబీ లైనౌ అంటారు, బట్టలుతికే పని చేసినవాడు. మొదట్లో రేకు డబ్బా మీద దరువు వేస్తూ పాడేవాడని చెప్పుకుంటారు. ఆ తర్వాత డోలక్ వచ్చింది. తర్వాత ఆడవాళ్ళు దాన్ని అందుకున్నారు. ఆ తర్వాత యుద్ధం ఒక్కటే కాకుండా రామాయణం, భారతం, ఖంబా-థోయిబీ కథలు కూడా అదే బాణీలో పాడటం మొదలైంది. అంటే ఈ కళ పుట్టుకే ఒక ఓటమి వార్తను చేతికందిన వస్తువుతో జనానికి చేరవెయ్యడం. దానికి ఇప్పుడు ఫోన్ దొరికిందని మనం కంగారుపడాల్సిన పని లేదు. ఏప్రిల్ 23 వస్తే ఈ పాటలు ఫోన్లలో తిరుగుతూనే ఉంటాయి. దరువు ఉంది, మొహంలో ఆవేశం ఉంది, మొదటి క్షణం నుంచే పట్టేస్తుంది. చిన్న ముక్క చూసినా ఏదో ఒకటి అందుతుంది.

ఫుంగా వారీకీ వారీ లీబాకీ ఆ సౌకర్యం లేదు. అవి వినేవాడి మీద ఆధారపడ్డ కళలు. మన ఇళ్ళలో ఊ కొట్టేవాళ్ళు లేకపోతే అమ్మమ్మ కథ ముందుకు సాగదు కదా, అక్కడా అంతే. పిల్ల భయపడితే నాయనమ్మ గొంతు తగ్గిస్తుంది, నిద్ర ముంచుకొస్తే కథ తెగ్గొడుతుంది, అడిగిందే మళ్ళీ అడిగితే ఇంకో మెలిక వేస్తుంది. రీల్‌లో ఇది కుదరదు. అందుకే ఈ రెండూ రీల్స్‌లోకి వెళ్ళినప్పుడు పలచబడ్డాయి, ఆడియోలోకీ సీరియల్ కథల్లోకీ వెళ్ళినప్పుడు బతికాయి. వారం వారం వచ్చే కథకు కామెంట్లలో "ఆ పిల్లని చంపకండి", "అత్తగారు ఇంత తేలిగ్గా మారిపోతుందా" అని రాసేవాళ్ళున్నారే, ఊ కొట్టేది వాళ్ళే. రాసేవాళ్ళు ఆ మాటలు చూసి తర్వాతి భాగం మార్చుకుంటారు.

ఆడియో అంతగా పాకడానికి మరో కారణం ఉంది. దీన్ని చాలామంది వదిలేస్తారు, నాకు మాత్రం ఇదే అన్నిటికన్నా పెద్ద కారణంగా కనిపిస్తుంది. మణిపురి భాషకు సొంత లిపి ఉంది, మెయితీ మయెక్. 18వ శతాబ్దంలో గరీబ్ నివాజ్ రాజు కాలంలో పాత గ్రంథాలు తగలబెట్టారు. తర్వాత బెంగాలీ లిపి స్థిరపడింది. పెద్ద పోరాటం తర్వాత 2005-06 నుంచి బడుల్లో మళ్ళీ మెయితీ మయెక్ వచ్చింది. 2009లో యూనికోడ్‌లో, అంటే కంప్యూటర్లూ ఫోన్లూ వాడే అక్షరాల పట్టికలో చేరింది. 2023 జనవరి నుంచి పత్రికలూ ఆ లిపికి మారాయి. ఫలితంగా ఒకే ఇంట్లో నాయనమ్మ చదివేది బెంగాలీ లిపి, మనవరాలు బడిలో నేర్చుకున్నది మెయితీ మయెక్, మధ్య తరం ఫోన్‌లో కొట్టేది ఇంగ్లిష్ అక్షరాలు. మనం కూడా వాట్సాప్‌లో తెలుగును ఇంగ్లిష్ అక్షరాల్లో కొడతాం, కానీ మన పుస్తకం ఇంట్లో అందరూ చదవగలరు. అక్కడ ఒక తరం అచ్చు వేసుకున్న కథ ఇంకో తరానికి అక్షరాలుగా కూడా కనిపించదు. గొంతు ఒక్కటే ముగ్గురికీ అందుతుంది. అందుకే ఆడియో కథ అక్కడ కాలక్షేపం మాత్రమే కాదు. పొయ్యి చుట్టూ కూర్చున్న మూడు తరాలను మళ్ళీ ఒక చోట చేర్చగలిగింది అదొక్కటే.

ఈ అలవాటు యూట్యూబ్‌తో మొదలైంది కూడా కాదు. ఆకాశవాణి ఇంఫాల్ కేంద్రం వచ్చాక రేడియో నాటకం ఇంటింటికీ పాకింది. శుమాంగ్ లీలా అని ముంగిట్లో ఆడే నాటకం ఉంది. నాలుగు వైపులా జనం కూర్చుంటారు, మధ్యలో ఆట. ఆడ వేషాలు మగవాళ్ళే వేస్తారు, వాళ్ళను నుపీ శాబీ అంటారు. ఆడవాళ్ళ బృందాలు వేరుగా ఉన్నాయి. ఆ నాటకాలు రేడియోలో, క్యాసెట్లలో, సీడీల్లో కళ్ళతో చూడకుండానే జనం విన్నారు. ఇంకోటి, 2000లో ఒక సాయుధ సంస్థ హిందీ సినిమాల మీద నిషేధం పెట్టింది. థియేటర్లు వాటిని వెయ్యడం మానేశాయి. ఆ నిషేధాన్ని నేను సమర్థించడం లేదు. కానీ ఆ ఖాళీలోకి తక్కువ ఖర్చుతో తీసిన స్థానిక వీడియో సినిమాలు వచ్చాయన్నది నిజం. కథ రాసేవాళ్ళు, డబ్బింగ్ చెప్పేవాళ్ళు, చిన్న స్టూడియోలు తయారయ్యాయి. ఇంటర్నెట్ చవకయ్యేసరికి పని తెలిసిన మనుషులు సిద్ధంగా ఉన్నారు.

పాట వైపు కూడా మంచి పని జరిగింది. మయాంగ్లంబం మంగ్కా అనే యువ గాయని పేరు మీరు వినే ఉండొచ్చు. ఆమె మొయిరాంగ్ సాయ్‌ని లాంగథెల్ థోయినూ దగ్గర నేర్చుకుంది. తండ్రి మంగాంగ్‌సానా పేనా కళాకారుడు. గురువు దగ్గర పూర్తిగా నేర్చుకుని, ఆ తర్వాత గిటారుతో, బ్యాండ్‌తో పాడింది. ఈ వరస ముఖ్యం. కొండ ప్రాంతం నుంచి రూబెన్ మషాంగ్వా ఉన్నారు. తాంగ్‌ఖుల్ నాగా పాటలకు బ్లూస్ బాణీ కలిపినవారు, 2021లో పద్మశ్రీ వచ్చింది. ఆయన పేరు ఎందుకు చెబుతున్నానంటే, మణిపురి కథలు అంటే ఇంఫాల్ లోయలో ఎక్కువగా ఉండే మెయితీ జనం కథలు మాత్రమే అనుకోవద్దు. తాంగ్‌ఖుల్, రోంగ్మెయి, కుకీ ఇలా చాలా జనాలకు వేరువేరు కథలున్నాయి, వేరువేరు భాషలున్నాయి. వీడియో పెట్టేటప్పుడు ఎవరి కథో ఆ పేరే రాయండి.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న. మూడు నిమిషాల్లో చెప్పొచ్చా? కథను బట్టి ఉంటుంది. ఒక ఉదాహరణ చెబుతాను.

తప్తా అనే ఫుంగా వారీ ఉంది. వాన రాత్రి. గుడిసెలో పిల్లవాడు ఏడుపు ఆపడు. బయట పులి పొంచి ఉంది. నాయనమ్మ "నక్క వచ్చింది, ఏడవకు" అంటుంది, ఆపడు. "పులి వచ్చింది" అంటుంది, అయినా ఆపడు. పులికి ఆశ్చర్యం, నేను ఇక్కడున్నానని దీనికెలా తెలుసు, వీడు నాకు భయపడడేమిటి అని. అంతలో కప్పు నుంచి నీళ్ళు కారడం మొదలవుతుంది. "అదుగో తప్తా వచ్చింది" అంటుంది ముసలావిడ. పిల్లవాడు ఠక్కున ఊరుకుంటాడు. తప్తా అంటే కారే చినుకేనని పులికి తెలియదు కదా. నాకన్నా భయంకరమైనది ఏదో వచ్చిందని వణికిపోతూ పశువుల కొట్టంలో దాక్కుంటుంది. అక్కడికి ఒక దొంగ వస్తాడు. చీకట్లో వీపులు తడుముతూ బలంగా ఉన్నదాన్ని ఎంచుకుని ఎక్కుతాడు. అది పులి. తప్తా నా మీద ఎక్కిందనుకుని పులి పరుగు. తెల్లారేసరికి తాను ఎక్కింది ఏమిటో దొంగ చూస్తాడు.

చెబితే నాలుగు నిమిషాల కథ. కుదించడానికి ఏమీ కష్టం లేదు. కానీ ఈ కథ మొత్తం ఒక్క నిశ్శబ్దం మీద నిలబడి ఉంది. పిల్లవాడు ఏడుపు ఆపే క్షణం. చెప్పే మనిషి అక్కడ ఆగాలి. కథలో పిల్లవాడితోపాటు వినే పిల్లలూ ఊపిరి బిగబట్టాలి, చినుకు చప్పుడు వాళ్ళ చెవిలో పడాలి. రీల్స్ చేసేవాళ్ళు అక్కడ మ్యూజిక్ పెడతారు. ఖాళీ వస్తే చూసేవాడు స్క్రోల్ చేసేస్తాడని టెన్షన్. ఆ ఖాళీ నింపేస్తే మిగిలేది ఒక పులి, ఒక దొంగ, ఒక జోకు. నిడివి తగ్గించండి, ఫర్వాలేదు. ఆ ఆగడాన్ని మాత్రం తగ్గించకండి.

కైబు కైయోయిబా సంగతి ఇంకా జాగ్రత్తగా చూడాలి. సగం మనిషి, సగం పులి. ఏడుగురు అన్నల ముద్దుల చెల్లెలు థబాతోన్‌ని ఎత్తుకుపోతాడు. ఇప్పుడు వస్తున్న వీడియోల్లో ఇది దెయ్యం కథ అయిపోయింది. నెత్తురు, గర్జన, ఏఐతో చేసిన భయంకరమైన మొహం. ఇంట్లో చెప్పే కథలో బరువు అక్కడ ఉండదు. ఒక మనిషి మంత్రం నేర్చుకుని పులిగా మారి, మళ్ళీ మనిషి కావలసిన సమయానికి సాయం అందక సగంలో ఇరుక్కుపోయాడన్న దిగులు ఉంటుంది. అడుగు లేని వెదురు గొట్టం ఇచ్చి నీళ్ళు తెమ్మని పంపి, అన్నలతో తప్పించుకున్న పిల్ల తెలివి ఉంటుంది. పిల్లలు ఆ వెదురు గొట్టం దగ్గర పడీ పడీ నవ్వుతారు. ఇంకో మాట. ఆ మంత్రగాడి పేరు కథలో కబుయి సలాంగ్ మైబా. కబుయి అన్నది అక్కడ నిజంగా బతుకుతున్న జనం పేరు. మీరు తెలుగులో చెప్పేటప్పుడు "సలాంగ్ అనే వైద్యుడు" అంటే సరిపోతుంది. ఒక జనం పేరును పులిమనిషికి తగిలించి వీడియో వదలాల్సిన అవసరం మనకు లేదు.

ఈ జాగ్రత్త ఎందుకో మీకూ తెలుసు. 2023 మే 3న మెయితీ, కుకీ జనాల మధ్య మొదలైన హింసలో 60 వేల మందికి పైగా ఇళ్ళు వదిలి శిబిరాలకు చేరారు. ఇంటర్నెట్ ఆపేశారు. బ్రాడ్‌బ్యాండ్ జూలై 25న షరతులతో కొంత తెరిచారు. మొబైల్ ఇంటర్నెట్ సెప్టెంబర్ 23న ఇచ్చి, మూడు రోజులకే మళ్ళీ ఆపారు. ఫోన్ మీద నిలబడ్డ కథలకు అది ఎంత దెబ్బో ఆలోచించండి. వేదిక, వినేవాళ్ళు, పాత రికార్డింగులు అన్నీ ఒకే రోజు చేతికి అందకుండా పోయాయి. అప్పటినుంచి నాకు తెలిసిన కళాకారులందరికీ ఒకటే చెబుతున్నాను: మీ రికార్డింగు యూట్యూబ్‌లో ఉంది కదా అని ఊరుకోకండి, హార్డ్ డిస్క్‌లో ఒక కాపీ, ఇంకో ఊళ్ళో బంధువుల దగ్గర ఒక కాపీ ఉంచండి. ఇల్లు కాలిపోతే పేనా పోతుంది, నోటు పుస్తకాలు పోతాయి. ఇది మీకూ వర్తిస్తుంది. ఛానల్ ఒక సర్వర్ మీద ఉన్న వస్తువు.

తెలుగులో చేసేముందు మరికొన్ని. దేవతల్ని కొలిచే లాయ్ హరావోబా పండగలో పాడే పాటల జోలికి వెళ్ళకండి. అందులో ఔగ్రి అనే పాట ఉంది. అది తప్పు పాడితే ఊరికి కీడు జరుగుతుందని వాళ్ళ నమ్మకం, అందుకే ఎంతో నిష్ఠగా పాడతారు. దాన్ని తెచ్చి కథ వెనక బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్‌గా పెట్టిన వీడియోలు చూశాను, మనసుకు కష్టమనిపించింది. చినుకు చప్పుడో, పొయ్యి చిటపటలో మీరే రికార్డు చేసుకోండి, చాలు. పేనా కావాలంటే కళాకారుణ్ణి అడిగి, డబ్బు ఇచ్చి, పేరు వేసి వాడండి. వాళ్ళ ఛానళ్ళ నుంచి కత్తిరించి వాడుకోవడం మాత్రం వద్దు. పది సెకన్లే కదా అనిపించవచ్చు, కానీ ఆ గొంతు మీదే ఇల్లు గడుపుకునేవాళ్ళు ఉన్నారు.

కథ ఎక్కడ దొరుకుతుంది అంటారా? ఇంగ్లిష్ అనువాదాలు నెట్‌లో చాలా ఉన్నాయి, కానీ అవి ఎముకల గూళ్ళు. హైదరాబాద్ యూనివర్సిటీల్లో మణిపూర్ నుంచి వచ్చి చదివే పిల్లలు ఉన్నారు. ఒకరిని పరిచయం చేసుకుని, వాళ్ళ ఇంట్లో ఈ కథ ఎలా చెప్పేవారో అడగండి. కథ వాళ్ళ భాషలోనే చెప్పించుకుని ఒకసారి వినండి. అర్థం కాకపోయినా ఎక్కడ ఆగుతున్నారు, ఎక్కడ గొంతు మారుతోంది, ఏ మాట రెండుసార్లు అంటున్నారు అన్నది తెలుస్తుంది. తర్వాత అర్థం చెప్పించుకోండి. ఇల్లు వదిలి వచ్చిన పిల్లలు చాలామంది ఇప్పుడు ఆ ఇంటి గురించి మాట్లాడటానికే ఇబ్బంది పడతారు. వద్దంటే వదిలెయ్యండి, బలవంతపెట్టకండి.

పేర్లు మార్చకండి. థబాతోన్‌ని తులసి చెయ్యనక్కర్లేదు, మన పిల్లలు ఏ పేరైనా రెండు నిమిషాల్లో పట్టేస్తారు. తిండి, ఇల్లు, వాతావరణం అక్కడివే ఉంచండి. భాష మాత్రం మీ అమ్మమ్మ మాట్లాడిన తెలుగే కావాలి. "ఒకానొక సమయంలో ఒక గ్రామమునందు" అని మొదలుపెడితే పిల్లలు పారిపోతారు.

మొదటి కథగా తప్తా చెయ్యండి, వీడియో కన్నా ఆడియో మీద ఎక్కువ శ్రద్ధ పెట్టి. రెండోది పెబెట్. పిల్లల్ని కాపాడుకోవడానికి ఒక చిన్న పిట్ట రోజూ పిల్లిని పొగుడుతుంది. నేనెలా ఉన్నానని పిల్లి అడిగితే ఎంతో అందంగా ఉన్నారంటుంది. పిల్లలకు రెక్కలు గట్టిపడి ఎగరడం వచ్చిన రోజున, నువ్వేం బాగాలేవు పో అంటుంది. ఇదే కథను నాటక దర్శకుడు హెయిస్నాం కన్హైలాల్ 1975లో తన బృందం కళాక్షేత్ర మణిపూర్‌తో పెద్దవాళ్ళ కోసం నాటకంగా మలిచారు, దేశమంతా దాని గురించి మాట్లాడుకున్నారు. నాయనమ్మ చెప్పిన పిట్ట కథలో అంత లోతు ఉంది. మీరు పిల్లలకు చెప్పేటప్పుడు ఆ లోతు వివరించనక్కర్లేదు. పిల్లి అడిగే ప్రశ్న ఒకే రకంగా, పిట్ట జవాబు ప్రతిసారీ కొంచెం ధైర్యంగా పలికితే చాలు. రెండో విడతకే పిల్లలు మీకంటే ముందు జవాబు చెప్పేస్తారు, వాళ్ళు చెప్పడానికి అక్కడ నాలుగు సెకన్లు ఖాళీ వదలండి.